నమస్కారం, నేను రవీశ్ కుమార్

2022 నవంబర్ 29, మంగళవారం. రాత్రి పొద్దుపోయాక స్టాక్ ఎక్స్ఛేంజీలకు ఎన్డీటీవీ నుంచి ఒక సమాచారం వెళ్లింది. షేర్ల వ్యవహారం తెలియనివాళ్లకు అది పొడి ఉత్తరం. ఆర్ఆర్‌పీఆర్ హోల్డింగ్ అనే కంపెనీ డైరెక్టర్ల పదవుల నుంచి ప్రణయ్ రాయ్, రాధికా రాయ్ తప్పుకున్నారు. వాళ్ల జాగాలో ముగ్గురు కొత్తవాళ్లు వచ్చారు. అంతకుమించి అందులో ఏమీ లేదు. కానీ ఎన్డీటీవీ న్యూస్‌రూమ్‌లో ఆ ఉత్తరానికి అర్థం తెలియనివాళ్లు లేరు. 1988లో ఆ భార్యాభర్తలు మొదలుపెట్టిన సంస్థ తాళం చెవి చేతులు మారింది.

మర్నాడు బుధవారం. ఉద్యోగులందరికీ యాజమాన్యం నుంచి ఈమెయిల్ అందింది. రవీశ్ కుమార్ రాజీనామా చేశారు, అది వెంటనే అమల్లోకి వస్తుంది అన్నది అందులోని సంగతి. జనం మీద ఆయన వేసినంత ముద్ర వేసిన జర్నలిస్టులు కొద్దిమందే అని కూడా ఆ ఈమెయిల్‌లో మెచ్చుకున్నారు. నోటీసు గడువు లేదు. ఆఖరి ప్రోగ్రాం అంటూ ముందుగా ప్రకటించి వీడ్కోలు చెప్పుకునే వ్యవధి లేదు. రాత్రి తొమ్మిదింటికి ఎన్డీటీవీ ఇండియా పెట్టుకుని 'ప్రైమ్ టైమ్' కోసం కూర్చోవడం ఉత్తరాదిన లక్షల ఇళ్లలో అలవాటు. ఆ ఇళ్లకు కబురు టీవీలో కాదు, సెల్‌ఫోన్లలో చేరింది.

ఆ వెంటనే రవీశ్ తన యూట్యూబ్ ఛానల్లో కనిపించారు. వెనకాల స్టూడియో వెలుగులు లేవు, కింద పరుగులు తీసే అక్షరాల పట్టీ లేదు. ఏళ్ల తరబడి టీవీలో చెప్పినట్టే 'నమస్కారం, నేను రవీశ్ కుమార్' అంటూ మొదలుపెట్టారు. గొంతు తొందరపడలేదు. ఈ సాయంత్రం పక్షికి తన గూడు కనిపించడం లేదని, దాన్ని వేరెవరో పట్టుకుపోయారని, అయితే రెక్కలు అలిసేదాకా ఎగరడానికి ఎదురుగా ఆకాశం మాత్రం ఉందని అన్నారు. కొనుక్కున్న వ్యక్తి మీద తిట్లు కురిపించలేదు. తన ఉద్యోగ జీవితం ఎక్కడ మొదలైందో చెప్పుకున్నారు.

అది ఉత్తరాల బల్ల దగ్గర మొదలైంది.

బీహార్‌లో తూర్పు చంపారన్ జిల్లా, మోతీహారి దగ్గరి పల్లె ఆయనది. 1974 డిసెంబర్‌లో పుట్టారు. పట్నాలో బడి చదువు, ఢిల్లీలో కాలేజీ, చరిత్ర సబ్జెక్టు. 1996లో ఎన్డీటీవీలో చేరినప్పుడు ఆయనకు అప్పగించిన పని కెమెరా ముందూ కాదు, వెనకా కాదు. ప్రేక్షకులు రాసిన ఉత్తరాలు బస్తాల్లో వచ్చిపడేవి. వాటిని విప్పి, చదివి, వేరుచేసి పెట్టడం ఆయన డ్యూటీ. కార్డుల మీద వంకర అక్షరాలతో, ఊరి పేరుతో సహా రాసిన ఉత్తరాలు. ఒక టీవీ మనిషికి ఇంతకన్నా మంచి శిక్షణ ఏ జర్నలిజం కాలేజీలోనూ దొరకదని నా నమ్మకం. ఎందుకంటే రేటింగ్ అనేది ప్రేక్షకుణ్ణి అంకె చేస్తుంది. ఉత్తరం అతణ్ణి మనిషిగా నిలబెడుతుంది. తర్వాతి రోజుల్లో రవీశ్ చేసిన మంచి పనులన్నిటి కిందా ఆ ఉత్తరాల బల్ల ఉంది.

2003లో ఎన్డీటీవీ సొంత ఛానళ్లు మొదలయ్యాయి. ఇంగ్లీషుకు ఒకటి, హిందీకి ఒకటి. హిందీ ఛానల్లో రిపోర్టర్‌గా ఆయన ఢిల్లీ వీధులు పట్టారు. 'రవీశ్ కీ రిపోర్ట్' అనే కార్యక్రమం అలా పుట్టింది. రాజధాని అంటే పార్లమెంటు, మంత్రుల బంగళాలు మాత్రమే అనుకునే కాలంలో ఆయన మైకు పట్టుకుని ఇరుకు గల్లీల్లోకి వెళ్లారు. ఫ్యాక్టరీ కార్మికులు ఒక్క గదిలో ఎంతమంది పడుకుంటారో, నీళ్ల ట్యాంకర్ రానిరోజున ఆ వాడలో ఏం జరుగుతుందో చూపించారు. కెమెరా వెళ్లని చోటుకు కెమెరాను తీసుకెళ్లడం, మాట్లాడేవాడి మాట మధ్యలో తెగ్గొట్టకుండా వినడం ఆయన పద్ధతి. ఛానల్ జాతీయ ఛానలే అయినా పని మాత్రం అచ్చంగా లోకల్ రిపోర్టర్ పని. తర్వాత స్టూడియోకు వచ్చి 'ప్రైమ్ టైమ్' నడిపినా, సీనియర్ ఎగ్జిక్యూటివ్ ఎడిటర్ హోదాకు చేరినా, మాటతీరులో గల్లీ పోలేదు.

ఇక్కడ ఒక రాత్రి గురించి తీరిగ్గా చెప్పాలి.

2016 ఫిబ్రవరి 9న ఢిల్లీలోని జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయం (జేఎన్‌యూ)లో ఒక సభ జరిగింది. అక్కడి నినాదాల మీద దేశమంతా గొడవ రేగింది. విద్యార్థి సంఘం అధ్యక్షుడు కన్హయ్య కుమార్‌ను రాజద్రోహం కేసులో అరెస్టు చేశారు. ఆయన్ను కోర్టుకు తీసుకొచ్చిన రోజున ఢిల్లీ పటియాలా హౌస్ కోర్టు ఆవరణలో నల్లకోట్లు వేసుకున్నవాళ్లే జర్నలిస్టులను కొట్టారు. టీవీల్లో రాత్రికి రాత్రి న్యాయస్థానాలు వెలిశాయి. యాంకర్లు తీర్పులు ఇస్తున్నారు, ఇరవై ఏళ్ల పిల్లలను పేరు పెట్టి దేశద్రోహులంటున్నారు.

ఫిబ్రవరి 19, శుక్రవారం రాత్రి 'ప్రైమ్ టైమ్' మొదలైంది. రవీశ్ కాసేపు మాట్లాడారు. టీవీకి జబ్బు చేసిందన్నారు. ఆ జబ్బులో తనకూ తన వృత్తికీ వాటా ఉందని దాచకుండా చెప్పారు. ఆపైన తెర నల్లబడింది.

రిమోట్ వెతుక్కున్నవాళ్లూ, కేబుల్ పోయిందనుకున్నవాళ్లూ ఉండే ఉంటారు. చీకట్లోంచి ఆయన గొంతు వినిపించింది. మీ టీవీ చెడిపోలేదు, సిగ్నల్ పోలేదు, ఈ చీకటే ఇవాళ్టి టీవీ బొమ్మ అని. ఆ తర్వాత ఆ నల్లటి తెర మీద వరసగా అరుపులు. వేరే ఛానళ్ల చర్చల్లోంచి తీసిన గొంతులు. ముఖాలు లేవు, టై కట్టుకున్న చొక్కాలు లేవు, మెరిసే గ్రాఫిక్స్ లేవు. బొమ్మ తీసేసరికి మాట నగ్నంగా నిలబడింది. రోజూ రాత్రి మన ఇంటి ముందుగదిలో మనం ఏం వింటున్నామో, పిల్లలు అన్నం తింటూ ఏం వింటున్నారో, అప్పుడు చెవిన పడింది. బొమ్మల మాధ్యమంలో బొమ్మను ఆర్పేసి ప్రోగ్రాం చేయడానికి ఒక్క యాంకర్ ధైర్యం చాలదు. అతని వెనక నిలబడే సంస్థ కూడా ఉండాలి. ఆ రాత్రి ఎన్డీటీవీ నిలబడింది. ఈ మాట గుర్తుంచుకోవాలి, ముందు ముందు దీనితో పని పడుతుంది.

అదే ఏడాది నవంబర్‌లో కేంద్ర సమాచార ప్రసార శాఖ ఎన్డీటీవీ ఇండియాను ఒకరోజు ప్రసారాలు ఆపేయమని ఆదేశించింది. ఆ జనవరిలో పఠాన్‌కోట్ వైమానిక స్థావరం మీద జరిగిన దాడిని చూపించడంలో భద్రతకు ముప్పు తెచ్చే వివరాలు బయటపెట్టిందన్నది ఆరోపణ. మిగతా మీడియాలో అప్పటికే వచ్చిన వివరాలనే చెప్పామన్నది ఛానల్ జవాబు. నవంబర్ 9 ఆ చీకటి రోజు కావాల్సింది. దానికి ఐదు రోజుల ముందు రవీశ్ ఇద్దరు మూకాభినయ కళాకారులను స్టూడియోకు పిలిచారు. ఒకడు అధికారం, ఇంకొకడు దాని చేతికర్ర. యాంకర్ ప్రశ్నలు అడుగుతుంటాడు, వాళ్లు మాట లేకుండా చూపులతో, చేతులతో బెదిరిస్తుంటారు. ప్రశ్న అడగడం తప్పయితే ఇంకేం చేయమంటారని ఆయన అడిగారు. దేశమంతటా పాత్రికేయ సంఘాలు కదిలాయి. 7వ తేదీన ఆదేశాన్ని పక్కనపెట్టారు. ఛానల్ ఆగలేదు.

ఆ తర్వాతి సంవత్సరాలు వేగంగా చెప్పుకోవచ్చు, బతికినవాళ్లకు మాత్రం అవి వేగంగా గడవలేదు. 2017 జూన్‌లో రాయ్ దంపతుల ఇళ్లలో సీబీఐ సోదాలు. రవీశ్ ఫోన్ నంబర్ బజారున పడి, పగలూ రాత్రీ తిట్లు, చంపేస్తామన్న బెదిరింపులు. మరోవైపు అదే ఫోన్‌కు మరో రకం సందేశాలు వచ్చేవి. పరీక్ష పాసై ఏళ్లు గడిచినా నియామక పత్రం అందని కుర్రాళ్లవి. అధ్యాపకులు లేని విశ్వవిద్యాలయాల విద్యార్థులవి. బ్యాంకుల్లో టార్గెట్ల కింద నలుగుతున్న క్లర్కులవి. వాటినుంచే ఆయన 'నౌకరీ సిరీస్' నడిపారు. హిందూ ముస్లిం తగాదా తప్ప ఇంకేం దొరకని ప్రైమ్ టైమ్‌లో రోజుల తరబడి స్టాఫ్ సెలక్షన్ కమిషన్ ఫలితాల గురించి, ఖాళీల లెక్కల గురించి మాట్లాడారు. అటువంటివి చూపిస్తే రేటింగ్ రాదు. కానీ ఉద్యోగం వచ్చిన పిల్లలు ఆయనకు కృతజ్ఞత చెబుతూ రాశారు. ఉత్తరాల బల్ల మళ్లీ తెరుచుకుంది, వాట్సాప్‌లో.

2019లో రామన్ మెగసెసే అవార్డు వచ్చింది. గొంతు లేనివాళ్లకు గొంతు అయ్యేలా జర్నలిజాన్ని వాడినందుకని కమిటీ చెప్పింది. ఆ సెప్టెంబర్‌లో మనీలాలో మాట్లాడుతూ, యుద్ధాలన్నీ గెలవడానికే చేయరు, రణరంగంలో ఒకడు ఉన్నాడని లోకానికి తెలియడానికి కూడా కొన్ని చేస్తారు అన్న భావం చెప్పారు. ఆ మాట దేశమంతా తిరిగింది.

సరిగ్గా ఆ కాలంలోనే వినయ్ శుక్లా అనే దర్శకుడు కెమెరా పట్టుకుని ఆ న్యూస్‌రూమ్‌లో కూర్చున్నాడు. 'వైల్ వీ వాచ్డ్' పేరుతో ఆ డాక్యుమెంటరీ 2022లో టొరంటో చిత్రోత్సవంలో మొదటిసారి ఆడింది, బహుమతి తెచ్చుకుంది. అందులో మరచిపోలేనివి అవార్డు దృశ్యాలు కావు, కేకులు. ఒకరి తర్వాత ఒకరు ఉద్యోగం వదిలి వెళుతుంటారు. వెళ్లే ప్రతివాళ్లకూ ఒక కేకు. చుట్టూ నిలబడి చప్పట్లు, ఒక ముక్క నోట్లో, ఇంకో కుర్చీ ఖాళీ. డబ్బు తగ్గుతోంది, మనుషులు తగ్గుతున్నారు. కొన్ని ఊళ్లలో ఛానల్ సిగ్నలే అందడం లేదు. చప్పట్ల మధ్య నిలబడ్డ రవీశ్ ముఖంలో బాధ దాగదు. ఆయన అలసటను అభిమానులు వీరత్వం అనుకోవడం నాకు నచ్చదు. అలసట అలసటే. ఒక సంస్థ పలచబడుతుంటే, మిగిలిన ఒక్క ముఖం మీద అంత బరువు వేయడం ఎవరికీ న్యాయం కాదు.

ఇక ఆ గూడు ఎలా చేతులు మారిందో చూద్దాం. లెక్కలు కొంచెం ఓపిగ్గా చదవాలి. ఈ కథలో అసలు నాటకం ఇక్కడే ఉంది.

2008లో రాయ్ దంపతులు తమ సంస్థ షేర్లు కొనడానికి అప్పు చేశారు. ఆ అప్పు తీర్చడానికి ఐసీఐసీఐ బ్యాంకులో 375 కోట్ల అప్పు, ఏడాదికి 19 శాతం వడ్డీ. అది తీర్చడానికి 2009లో విశ్వప్రధాన్ కమర్షియల్ అనే కంపెనీ దగ్గర మరో అప్పు. రెండు విడతల్లో మొత్తం 403.85 కోట్లు. దీనికి వడ్డీ లేదు. వడ్డీ లేని అప్పుకు వేరే రూపంలో ధర ఉంటుంది. ఎప్పుడైనా సరే ఆ అప్పును ఆర్ఆర్‌పీఆర్ హోల్డింగ్‌లో దాదాపు మొత్తం వాటాగా మార్చుకునే హక్కు అప్పిచ్చినవాళ్లకు దక్కింది. రాయ్‌ల పేర్ల మొదటి అక్షరాలతో పెట్టుకున్న ఆ ఆర్ఆర్‌పీఆర్ చేతిలో ఎన్డీటీవీ షేర్లు 29.18 శాతం ఉన్నాయి. పదమూడేళ్లపాటు ఆ కాగితం బీరువాలో పడుంది.

2022 ఆగస్టు 23న అదానీ గ్రూపు మీడియా కంపెనీ విశ్వప్రధాన్‌ను సుమారు 114 కోట్లకు కొనేసింది. అదేరోజు ఆ పాత హక్కును బయటికి తీసింది. తమతో మాట మాత్రం అనలేదని, తమ సమ్మతి లేదని ఎన్డీటీవీ ప్రకటించింది. ఇంకో అభ్యంతరం కూడా చెప్పింది. రాయ్ దంపతులు షేర్ల లావాదేవీలు చేయకుండా స్టాక్ మార్కెట్ నియంత్రణ సంస్థ సెబీ రెండేళ్ల నిషేధం పెట్టింది, ఆ గడువు 2022 నవంబర్ 26 దాకా ఉంది, కాబట్టి షేర్లు బదిలీ చేయలేమని. ఆ గడువు తీరింది. నవంబర్ 28న బదిలీ జరిగింది. 29న రాజీనామాలు. 30న రవీశ్.

మార్కెట్‌లో మిగతా వాటాదారుల నుంచి షేరు 294 రూపాయల చొప్పున కొంటామన్న ఆఫర్ అప్పటికే నడుస్తోంది. డిసెంబర్ ఆఖరుకు రాయ్‌లు తమ సొంత వాటాలోంచి, కంపెనీ మొత్తం షేర్లలో 27.26 శాతానికి సమానమైనవి కూడా అమ్మేశారు. అదానీ గ్రూపు చేతికి దాదాపు 65 శాతం చేరింది. ఆ రోజుల్లోనే గౌతమ్ అదానీ ఫైనాన్షియల్ టైమ్స్ పత్రికతో మాట్లాడుతూ, ప్రభుత్వం తప్పు చేస్తే తప్పు అనడం స్వతంత్రతే, అలాగే రోజూ మంచి చేస్తున్నప్పుడు మంచి అనే ధైర్యం కూడా ఉండాలి అన్న అర్థంలో చెప్పారు. ఈ మాట మీద నాకున్న అభిప్రాయం దాచుకోను. ప్రభుత్వాన్ని పొగడడానికి మన దేశంలో ఏనాడూ ధైర్యం అవసరం కాలేదు. దానికి సమాచార శాఖ ఉంది, ప్రకటనల బడ్జెట్ ఉంది, పార్టీ కార్యకర్తలున్నారు. పైసా ఖర్చు లేకుండా దొరికేదాన్ని కొనడానికి ఎవరూ వందల కోట్లు పెట్టరు. అలా పెట్టారంటే, దొరకనిదేదో ఆ న్యూస్‌రూమ్‌లో ఉందన్నమాట.

రాజీనామా తర్వాత రవీశ్ ఛానల్‌కు జనం తండోపతండాలుగా వచ్చారు. చందాదారులు చూస్తుండగానే పది లక్షలు దాటారు, ఇవాళ కోటికి పైమాటే. టీవీలో ఉన్నప్పుడు కేబుల్ ఆపరేటర్ మీట నొక్కితే మాయమయ్యే మనిషి, ఇప్పుడు పొలం గట్టు మీద కూర్చున్నవాడి ఫోన్లోకి కూడా వచ్చేశారు. కెమెరా ఒకటి, ఎదురుగా కాగితాలు, చిన్న బృందం. రోజు పత్రికల్లో మూలన పడ్డ వార్త, కోర్టు తీర్పులో అందరూ దాటేసిన పేరా, మంత్రి పార్లమెంటులో ఇచ్చిన జవాబు ఇవి తీసి, ఒకదాని పక్కన ఒకటి పెట్టి, నెమ్మదిగా చదివి వినిపిస్తారు. వింటుంటే బాగా చదువుకున్న బంధువు మన పక్కన కూర్చుని పేపరు విప్పి చెబుతున్నట్టుంటుంది. చాలామంది ఆయన వీడియోలను చూడరు, వింటారు. వంట చేసుకుంటూ, బండి మీద పోతూ చెవిలో పెట్టుకుంటారు. పాడ్‌కాస్ట్ అని వేరే పేరు పెట్టకపోయినా జరుగుతున్నది అదే. హైదరాబాద్‌లో ఉర్దూ వాసన తెలిసినవాళ్లకు ఆ హిందీ పరాయి భాష కాదు కాబట్టి మన దగ్గరా ఆయనకు శ్రోతలు తక్కువేం లేరు.

ఇదంతా సంతోషమే. కానీ ఈ కథను విజయగాథగా రాసి చేతులు దులుపుకోవడం నాకు చేతకాదు. పోయింది ఏమిటో కూడా లెక్క రాయాలి.

టీవీ ఛానల్ అంటే యాంకర్ ముఖం ఒక్కటే కాదు. రాత్రి తొమ్మిది గంటల ముఖం వెనక పొద్దున ఆరింటికి బయలుదేరిన రిపోర్టర్ ఉంటాడు. భుజం నొప్పితో ట్రైపాడ్ మోసిన కెమెరామన్ ఉంటాడు. జిల్లాలో బిట్టుకింత అని తీసుకునే స్ట్రింగర్ ఉంటాడు. ఓబీ వ్యాన్ డ్రైవర్, వార్త సరిచూసే డెస్క్, పరువునష్టం నోటీసు వస్తే చూసుకునే లాయర్ ఉంటారు. ఛానల్ చేతులు మారినప్పుడు పేరున్న యాంకర్‌కు ఆకాశం దొరుకుతుంది. ఆ స్ట్రింగర్‌కు ఏం దొరుకుతుంది? అతని పేరుతో ఎవరూ చందాదారులుగా చేరరు. నెల జీతం ఆగితే అతను అద్దె కట్టలేడు. కొత్త యాజమాన్యం దగ్గర తల వంచుకుని పనిచేసుకుంటాడు, లేదా వృత్తి మానేస్తాడు. మోతీహారిలో వంతెన కూలితే మొదట వెళ్లేది ఆ మనిషే. అతను వెళ్లకపోతే ఢిల్లీలో ఎంత స్వేచ్ఛగా మాట్లాడేవాడి చేతిలోనైనా మాట్లాడడానికి వార్త ఉండదు. గల్లీలోకి కెమెరా తీసుకెళ్లి పేరు తెచ్చుకున్న రవీశ్‌ను ఇవాళ నాలుగు గోడల మధ్య కూర్చుని కాగితాలు చదవాల్సిన స్థితికి తేవడమే ఈ మార్పులో నాకు ఎక్కువ కష్టంగా తోచే సంగతి. విశ్లేషణ విడుదలైంది, వార్తా సేకరణ దిక్కులేనిదైంది.

మరి యూట్యూబ్ ఎవరి సొంతం? గూగుల్‌ది. మామూలు నిడివి వీడియోల మీద ప్రకటనల డబ్బులో 55 శాతం తీసినవాళ్లకు ఇస్తుంది. ఏ వీడియోకు ప్రకటనలు రావాలో, ఏది ఎవరి ఫోన్లో ముందుగా కనిపించాలో దాని యంత్రాలు తేలుస్తాయి. వివాదాస్పద విషయాలంటే ప్రకటనలు తగ్గించే ఏర్పాటూ ఉంది. అక్కడ యజమాని గది తలుపు తట్టి అడగడానికి యజమాని కనిపించడు. ఇంకో ప్రమాదం సున్నితమైనది. ప్రేక్షకుడే అన్నదాత అయినప్పుడు ప్రేక్షకుడికి నచ్చనిది చెప్పడం కష్టమవుతుంది. స్వతంత్ర పాత్రికేయుల్లో మంచివాళ్లు సైతం రోజూ ఒకే కోపాన్ని ఒకే జనానికి అందించే వలయంలో పడడం మనం చూస్తూనే ఉన్నాం. రవీశ్ తన అభిమానులను కూడా మందలిస్తారు, నన్ను చూసినంత మాత్రాన మీ బాధ్యత తీరిపోదు అంటారు. ఆ మందలింపు ఎంతకాలం అమ్ముడవుతుందో ఆయనకే పరీక్ష.

మన తెలుగు న్యూస్‌రూములకు ఇది దూరపు కథ కాదు. మన ఛానళ్లలో చాలావాటి వెనక ఏ పార్టీ ఉందో, ఏ కుటుంబం ఉందో ప్రేక్షకుడు లోగో చూసి చెప్పేస్తాడు. 2018లో టీవీ9 మాతృసంస్థను కొత్తవాళ్లు కొన్నారు, మరుసటి ఏడాది మేలో దాన్ని నిలబెట్టిన రవిప్రకాశ్ సీఈఓ కుర్చీ ఖాళీ చేయాల్సి వచ్చింది. టీవీలోంచి యూట్యూబ్‌కు వెళ్లిన తెలుగు పాత్రికేయుల వరస అప్పటినుంచీ పెరుగుతూనే ఉంది. వాళ్లలో పొగడదండ రేవతి ఒకరు. ఒకప్పుడు మోజో టీవీని నడిపిన మనిషి. 2019లో ఒక టీవీ చర్చకు సంబంధించిన కేసులో అప్పటి ప్రభుత్వ హయాంలో అరెస్టయ్యారు. తర్వాత 'పల్స్ న్యూస్' పేరుతో సొంత యూట్యూబ్ ఛానల్ పెట్టుకున్నారు. 2025 మార్చి 12 తెల్లవారుజామున, ఊరింకా నిద్రలో ఉండగా, పోలీసులు ఆమె ఇంటి తలుపు కొట్టారు. తలుపు దగ్గర ఏం జరుగుతోందో ఆమె ఫోన్లో తీసి పెట్టారు. ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డిని ఒక వృద్ధుడు ఘాటైన మాటలతో తిట్టిన వీడియోను ప్రసారం చేశారన్నది కేసు. అది అల్లించిన వీడియో అని, రెచ్చగొట్టడానికే చేశారని పోలీసులన్నారు. రైతు గోడు వినిపించామని ఆమె వైపువాళ్లన్నారు. సహచరి తన్వి యాదవ్‌తో పాటు ఆమెను జైలుకు పంపారు, ఐదు రోజులకు బెయిల్ వచ్చింది. తిట్లను నేను సమర్థించను. కానీ ఒక వీడియో మీద అభ్యంతరముంటే దానికి పట్టపగలు నోటీసు ఇవ్వొచ్చు. ఒక ప్రభుత్వంలో టీవీ మనిషిగా, ఇంకో ప్రభుత్వంలో యూట్యూబ్ మనిషిగా, పార్టీలు మారినా ఆమెకు దక్కిన మర్యాద మారలేదు. పెద్ద ఛానల్ తలుపు తట్టేముందు పోలీసు అధికారి పైవాళ్లను ఒకటికి రెండుసార్లు అడుగుతాడు. ఒంటరి మనిషి తలుపు తట్టడానికి అంత ఆలోచన అక్కర్లేదు. నల్ల తెర రాత్రి రవీశ్ వెనక నిలబడ్డ సంస్థ గురించి గుర్తుంచుకోమన్నది ఇందుకే.

ఆ ఒంటరితనం రవీశ్‌కూ 2025 సెప్టెంబర్‌లో ఎదురైంది. అదానీ ఎంటర్‌ప్రైజెస్ వేసిన పరువునష్టం దావాలో ఢిల్లీ రోహిణి కోర్టు 6వ తేదీన, అవతలి పక్షం వాదన వినకముందే ఒక మధ్యంతర ఆదేశం ఇచ్చింది. పరువు తీసేవిగా ఉన్న కథనాలు తొలగించాలని. ఆ దావాలో ప్రతివాదులు కొద్దిమంది జర్నలిస్టులు, సంస్థలు. రవీశ్ పేరు అందులో లేదు. అయినా పదోరోజున కేంద్ర సమాచార ప్రసార శాఖ ఆ ఆదేశాన్ని చూపించి 138 యూట్యూబ్ లింకులు, 83 ఇన్‌స్టాగ్రామ్ పోస్టులు తీసేయమని నోటీసులు పంపింది. అవి అందుకున్నవాళ్లలో న్యూస్‌లాండ్రీ, ది వైర్, ధ్రువ్ రాఠీ, వాళ్లతో పాటు రవీశ్ కుమార్. టీవీలో ఉండగా ఇలాంటి కాగితం వస్తే కంపెనీ లాయర్లు చూసుకునేవాళ్లు. ఇప్పుడు అందుకున్న చెయ్యీ ఆయనదే, జవాబు చెప్పాల్సిన నోరూ ఆయనదే.

రెండు రోజుల్లో అదే రోహిణిలో జిల్లా జడ్జి, అప్పీలు చేసుకున్న నలుగురు జర్నలిస్టుల వరకు ఆ ఆదేశాన్ని కొట్టేశారు. ఆ కథనాలు చాలాకాలంగా జనం ముందే ఉన్నాయని, రాసినవాళ్ల మాట విని ఆదేశం ఇవ్వాల్సిందని అన్నారు. రవీశ్ ఆ నలుగురిలో లేరు. ఆయన విడిగా ఢిల్లీ హైకోర్టుకు వెళ్లారు. రెండు ప్రైవేటు పక్షాల మధ్య నడిచే దావాలో, తాను పక్షం కూడా కాని దావాలో, తన వీడియోలు తీసేయమనడానికి ప్రభుత్వానికి ఏ అధికారం ఉందని ఆయన పిటిషన్ అడిగింది.